మాట వినేవాళ్లలో ఎన్ని రకాలు

ఇంగ్లీషులో ‘డొసైల్’ అన్న మాటకు ఇవాళ పెద్ద పరువు లేదు. ఎవరినైనా అలా అన్నామంటే, చెప్పినదానికల్లా తలూపే మనిషని ఎత్తిపొడిచినట్టే. పుట్టినప్పుడు దాని సంగతి వేరు. లాటిన్‌లో ‘దొకేరే’ అంటే బోధించడం. డాక్టరు అన్న మాటా ఆ ఇంట్లో పుట్టిందే. తొలినాళ్ల ఇంగ్లీషులో డొసైల్ అంటే చదువు అబ్బేవాడు, చెబితే పట్టుకోగలవాడు. రానురాను ఆ చదువుకునేవాడు కాస్తా అదుపులో ఉండేవాడైపోయాడు.

దాని చుట్టాలు ఇంకా ఉన్నాయి. ట్రాక్టబుల్ అంటే చేత్తో పట్టి నడపదగ్గది. ప్లయబుల్ అంటే మడిచినట్టల్లా మడత పడేది. అమీనబుల్ వెనక ఉన్న ఫ్రెంచి మాటకు తీసుకురావడమని అర్థం; దాని వెనక లాటిన్‌లో పశువులను అదిలించి తోలడం, ఇంకా వెనక్కి వెళితే బెదిరించడం. ఒబీడియెంట్‌లో దాక్కున్నది చెవి, అంటే వినడం. అన్నిటికన్నా సరదా అయినది మేనేజ్. గుర్రాన్ని చేతికి మాలిమి చేసే విద్యకు ఇటలీవాళ్లు పెట్టుకున్న పేరు నుంచి వచ్చింది. ఎంబీఏ పిల్లలకు ఎవరూ చెప్పరు గానీ, మేనేజ్‌మెంటు మొదట గుర్రపుశాల చదువు.

నిఘంటువు తెరిస్తే డొసైల్ పక్కన సాధారణంగా ‘విధేయుడైన’, ‘సాధువైన’ అని కనిపిస్తుంది. పరీక్ష రాసే కుర్రాడికి అది చాలు. కానీ ఈ మాటను ఎద్దుకూ, ఏటికీ, పిల్లవాడికీ, పెళ్లానికీ, మొగుడికీ, కౌలురైతుకూ వాడి చూస్తే ఆ రెండు అర్థాలూ ఎక్కడికక్కడ తెగిపోతాయి. బందరు, గుడివాడ, దివిసీమల మధ్య ఉన్న కృష్ణా కింది డెల్టాలో జనం నోట మెదిలే మాటలు పట్టుకుని ఈ ప్రశ్నను ఒకసారి కొస నుంచి కొస దాకా చూడాలని నా ప్రయత్నం. సులువుగా అదుపయ్యే గుణం ఒకరి స్వభావమని మనం అనుకుంటాం. నాకు మాత్రం అది ఇద్దరి మధ్య కుదిరిన బేరంలాగే కనిపిస్తుంది. ఎవరి చేతికి, దేనికి బదులుగా, ఎంతకాలం అన్న మూడూ చెప్పకుండా ఎవరినైనా సాధువు అంటే ఆ మాట సగమే చెప్పినట్టు.

మాటల సంగతికి బందరు తగిన చోటే. ఇంగ్లీషు కంపెనీ ఓడ ‘గ్లోబ్’ ఇక్కడికి వచ్చింది 1611లో. రెండు వందల ఏళ్ల తరవాత, పందొమ్మిదో శతాబ్దం మొదట్లో, ఈ ఊరి వైశ్యుడు మామిడి వెంకయ్య తెలుగు మాటలను అకారాది క్రమంలో పేర్చి ‘ఆంధ్రదీపిక’ కూర్చాడు. 1821లో వచ్చిన క్యాంప్‌బెల్ నిఘంటువుకు అదే ఆధారం. 1820లలో ఇక్కడ కంపెనీ కొలువు చేసిన సి.పి. బ్రౌన్, 1850ల తొలినాళ్లలో అచ్చయిన తన నిఘంటువులకు కావలసిన సరుకును ఇలాంటి ఊళ్ల పండితుల దగ్గరా, కచేరీ కాగితాల్లోనూ ఏరుకున్నాడు. దొరలకు తెలుగు నేర్పేవాళ్లూ, తెలుగువాళ్లను ఏలే దొరలూ ఒకే వీధిలో తిరిగిన ఊరిది. ‘మాట వినడం’ అన్నదానికి ఇక్కడ రెండు వైపుల నుంచీ గిరాకీ ఉండేది.

వీధిబడిలో అమరం వల్లె వేసినవాళ్లకు ఈ చిక్కు కొత్త కాదు. అమరసింహుడు మూడో కాండలో, విశేష్యనిఘ్నవర్గంలో, ఈ గుణానికి అరడజను మాటలు దగ్గరదగ్గరగా పేర్చి పెట్టాడు. విధేయుడు, పని చెప్పించుకోదగ్గవాడు. వినయగ్రాహి, శిక్షణ పుచ్చుకునేవాడు. ఇంగ్లీషువాళ్ల పాత డొసైల్ అచ్చంగా ఇతనే. వచనేస్థితుడు, చెప్పిన మాట మీద నిలబడేవాడు. ఆశ్రవుడు, చెవి ఒగ్గేవాడు. వశ్యుడు ఎదుటివాడి ఇష్టానికి లోబడినవాడైతే, ప్రణేయుడు ఎటు నడిపిస్తే అటు నడిచేవాడు. లండన్‌లోనూ ఉజ్జయినిలోనూ మనుషులు ఈ గుణాన్ని చెవితో, చేత్తో, తాడుతోనే ఊహించుకున్నారన్నమాట. వినయమన్న మాటే ఒకప్పుడు నడిపించి నేర్పడం; శిక్షణ ఇచ్చిన గుర్రమూ వినీతమే. మనం గుర్రాన్ని వదిలేసి చేతులు కట్టుకోవడాన్ని మాత్రం మిగుల్చుకున్నాం.

తెలుగు క్రియలు ఇంకాస్త పట్టిచూస్తాయి. వంగడం వేరు, లొంగడం వేరు. వెదురు వంగుతుంది, వదిలితే మళ్లీ లేస్తుంది. లొంగినవాడు లేవడు, లేస్తే తిరగబడ్డట్టు లెక్క. ‘జబ్బు మందుకు లొంగింది’ అంటాం, ‘వంగింది’ అనం. లోబడడంలో చుట్టూ ఒక గీత ఉంది. షరతులకు లోబడతాం, చట్టానికి లోబడతాం, ఆ గీత లోపల మన ఇష్టం మనది. అణగడంలో మీద బరువుంది, అణకువ పుట్టింది దాన్నుంచే. పెళ్లిసంబంధాల మాటల్లో ‘అణకువ గల పిల్ల’ అని మెచ్చుకునేవాళ్లు ఆ బరువు ఎవరిదో చెప్పరు. ఒదగడం నాకు అన్నిట్లోకీ ఇష్టమైనది. ఉన్న చోటుకు తగ్గట్టు తనను తాను సర్దుకోవడం అది, ఎవరూ నొక్కాల్సిన పని లేదు. ఇక ‘చెప్పుచేతల్లో ఉండటం’ అన్నప్పుడు కాలి చెప్పులకూ చేతులకూ ఏ సంబంధమూ లేదు. చెప్పడం ఒకరిది, చెయ్యడం ఇంకొకరిది, అంతే.

ఈ మాటల అసలు బడి పశువుల పాక. సంతలో ఎద్దుల బేరం చూసినవాళ్లకు తెలుస్తుంది. కొనేవాడు ముందు పళ్లు చూస్తాడు, సుడులు చూస్తాడు, నడిపించి డెక్కలు చూస్తాడు. అమ్మేవాడు మాత్రం ఒకే పాట పాడతాడు: ‘‘మహా సాధువండీ. పసిపిల్లాడు పలుపు పట్టుకున్నా వెంట నడుస్తుంది.’’ కొనేవాడికి అక్కడే అనుమానం. మరీ సాధువైతే మడిలో కాలు కదపదేమో. పొగరున్న గిత్త చెయ్యి విరగ్గొట్టవచ్చు, మొద్దు ఎద్దు సేద్యాన్నే కూలదోస్తుంది. అందుకే అతనికి కావలసింది ముకుతాడుకు మాత్రమే మెత్తనై, కాడికి చురుకైన ఎద్దు. ఒకే జంతువులో లొంగుబాటూ పౌరుషమూ రెండూ కావాలి. డొసైల్ అన్న ఒక్క మాటతో ఆ బేరం తెగదు.

కోడెను కాడికి మప్పడం చూడండి. కొత్తదాన్ని ఒంటరిగా కట్టరు, పని మరిగిన ఎద్దు పక్కన జత చేస్తారు. ముందు కొన్నాళ్లు నాగలి లేకుండా ఉత్త కాడి మోయిస్తారు. తరవాత దుంగ లాగిస్తారు. అది పాఠం నేర్చుకునేది మనిషి దగ్గర కొంతే, పక్క ఎద్దు దగ్గర ఎక్కువ. ఎప్పుడు ఆగాలో, మడి చివర ఎటు తిరగాలో జోడీదారే చెబుతుంది. చర్నాకోల దెబ్బకు నడిచేది ఒక రకం, అదిలింపుకు నడిచేది ఇంకో రకం. రెండూ దున్నుతాయి గానీ సాయంత్రానికి రైతు గొంతు పోయిందా లేదా అన్నదాంట్లో తేడా తెలుస్తుంది.

పాలగేదె దగ్గర బేరం ఇంకా స్పష్టం. దూడను వదిలి పొదుగు నిమిరితే చేపుతుంది. అలవాటైన చెయ్యి అయితేనే చేపుతుంది. ఇంటావిడ ఊరెళ్లిన నాడు ఆయన చెంబు పట్టుకుని కూర్చుంటే పాలు ఎగబట్టి, చెంబును ఒక్క తన్ను తన్నే గేదెలు ఈ ప్రాంతంలో ఊరికి పది. ఆవిడ కట్టి విడిచిన చీర భుజాన వేసుకుని, ఆ వాసనతో గేదెను బుజ్జగించి పాలు తీసిన మగవాళ్ల కథలు విని నవ్వని ఇల్లు లేదు. వెనక కాళ్లకు బంధం వేసి తీసినవాళ్లకు పాలు రాకపోవు, చెంబు మాత్రం నిండదు. అలవాటైన చేతికే చేపేదాన్ని ‘చెయ్యి మరిగిన గేదె’ అంటారు. ఆ గేదె సాధువా, కాదా? ఆ చేతికి సాధువు, వేరే చేతికి కాదు. మాలిమి, మచ్చిక అన్న మాటలు ఇలాంటి చోటే పనికొస్తాయి. వాటిలో ఇష్టమూ ఉంది, అలవాటూ ఉంది, అదుపూ ఉంది. ఇంగ్లీషు ‘టేమ్’లో ఆ ఇష్టం పాలు చాలా తక్కువ.

గంగిరెద్దు సంగతి వేరు. సంక్రాంతికి బొంతలు కప్పుకుని, కొమ్ములకు కుచ్చులు కట్టుకుని, అయ్యగారికి దండం పెట్టమంటే పెడుతుంది. అది ఎవరి మాటకు తలూపుతోందో చూసేవాళ్లకు తెలియదు. ప్రశ్న అయ్యగారి గురించి, తలూపు ముకుతాడు పట్టుకున్నవాడికి. ‘గంగిరెద్దులా తలాడిస్తాడు’ అన్న తిట్టు మనుషులకు అందుకే అంత బాగా అతుకుతుంది. దానికి అవతలి కొస అచ్చోసిన ఆంబోతు, దేవుడి పేర వదిలేసింది, ఏ తాడూ లేనిది. ఈ రెంటికీ నడుమ పాకలో కట్టేసి ఉన్నవే కాపురాన్ని నడిపేవి.

ఏరు కూడా ఈ లెక్కలోదే. గట్లూ అడ్డుకట్టలూ కట్టి నదిని ఒక దారిలో పెట్టే పనిని ఇంజినీర్లు ‘రివర్ ట్రైనింగ్’ అంటారు, కుర్రగుర్రానికి నేర్పినట్టు. బెజవాడ దగ్గర ఆనకట్ట 1852లో మొదలై 1855లో పూర్తయింది. దానికి 1952లో గండిపడితే ప్రకాశం బ్యారేజీ కట్టి 1957లో నీళ్లు వదిలారు. కృష్ణ నూట డెబ్బై ఏళ్లుగా కాలువల్లోకి చెప్పినట్టు వెళుతోంది. కానీ ఆ బేరానికి ఒక పరిమితి ఉంది. 2009 అక్టోబరులో పదకొండు లక్షల క్యూసెక్కులు దాటింది. 2024 సెప్టెంబరు మొదట్లో 11.43 లక్షలతో బ్యారేజీ పాత లెక్కలన్నీ చెరిపేసింది. పులిగడ్డ దగ్గర రెండు పాయలై దివిసీమను చుట్టుకునే చోట లంకవాళ్లకు ఆ నాలుగు రోజులూ నిద్ర లేదు. సముద్రాన్ని మాత్రం ఈ ప్రాంతంలో సాధువు అన్నవాడు లేడు. 1864 నవంబరులో బందరును, 1977 నవంబరు 19న దివిసీమను అది ఏం చేసిందో ఇంటింటికీ తెలుసు.

లోహం గురించి ఒక్క మాట. చిలకలపూడి రోల్డుగోల్డు పనివాళ్లు ‘తీగ సాగుతోంది’, ‘మాట వింటోంది’ అంటారు. కొలిమిలో కాల్చి మెత్తబరచిన రాగికి ఆ మాట అన్యాయం కాదు. కాల్చడమన్నది మరిచిపోకూడదు, అంతే.

పిల్లల విషయానికి వద్దాం. డొసైల్‌కు పాత అర్థం బడిదే కాబట్టి ఈ ప్రాంతంలో దానికి దొరికిన అసలు పరీక్ష నోబుల్ బడిలోనే. చర్చి మిషనరీ సొసైటీ తరఫున వచ్చిన రాబర్ట్ నోబుల్ 1843లో బందరులో ఇంగ్లీషు బడి పెట్టాడు. పెద్ద కులాల పిల్లలు కొలువుల కోసం చేరారు. తండ్రులు కోరింది చదువు ఎక్కే పిల్లవాణ్ణి. మిషనరీ కోరిందీ అదే, అయితే అతని పాఠం కొంచెం పొడుగు. 1852లో ఇద్దరు విద్యార్థులు క్రైస్తవం పుచ్చుకున్నారు. ఊరు అట్టుడికింది, బడి ఖాళీ అయింది. చెప్పింది చెప్పినట్టు నేర్చుకున్నందుకే ఆ ఇద్దరూ ఇళ్లలో మాట విననివాళ్లయ్యారు. ‘బుద్ధిమంతుడు’ అన్న కితాబు ఎవరి దగ్గర తెచ్చుకున్నదన్న ప్రశ్న ఈ ఊళ్లో అంత బాహాటంగా ఇంకెప్పుడూ లేచి ఉండదు. కొన్నాళ్లకు పిల్లలు మళ్లీ వచ్చారు, ఆ బడే తరవాత నోబుల్ కాలేజీ అయింది.

అదే ఊళ్లో 1910లో కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, పట్టాభి సీతారామయ్య పూనుకుని ఆంధ్ర జాతీయ కళాశాల పెట్టారు. సర్కారు కచేరీల్లో తలవంచుకుని నకళ్లు రాసే గుమాస్తాలను తయారుచేసే చదువు వద్దన్నది వాళ్ల పట్టు. అక్కడ వడ్రంగమూ, నేతా, చిత్రలేఖనమూ నేర్పారు. అక్కడా పిల్లలు గురువు మాట వినాల్సిందేనన్నది వేరే సంగతి. మన భాషలో శిక్షణా శిక్షా ఒకే కడుపున పుట్టాయి. బెత్తం లేకుండా బుద్ధిమంతుణ్ణి తయారుచెయ్యవచ్చన్న నమ్మకం ఈ డెల్టా బడుల్లోకి చాలా ఆలస్యంగా వచ్చింది, కొన్ని చోట్లకు ఇంకా రాలేదు.

మిషనరీల వల్ల వచ్చిన ఇంకో మాట ‘మీక్’. తెలుగు బైబిలులో దానికి ‘సాత్వికులు’ అని పెట్టారు. మెతకవాళ్లు అని పెట్టలేదు, అది పెద్ద మేలు. సంఖ్యాకాండంలో అందరికన్నా సాత్వికుడని పేరు పడ్డ మోషే, ఐగుప్తు రాజు ముఖాన నిలబడి తన జనాన్ని విడిచిపెట్టమని అడిగినవాడు. సాత్వికుడికీ మెతకవాడికీ ఉన్న ఎడం అంతా అక్కడుంది. ఆదివారం గుడిలో ఆ మాట వినే జనానికి ఆ తేడా విడమరిచి చెప్పనక్కర్లేదు. మెత్తనివాణ్ణి చూస్తే మొత్తబుద్ధి అవుతుందన్న సామెతను వాళ్లు తరతరాలుగా వీపు మీద మోసినవాళ్లు.

కాపురాల్లో ఈ గుణం సంగతికి వస్తే, ఈ ప్రాంతానికి దొరికిన గొప్ప పాఠ్యగ్రంథం ఒక సినిమా. 1962లో విజయావారు తీసిన ‘గుండమ్మ కథ’కు మూలం ‘మనె తుంబిద హెణ్ణు’ అనే కన్నడ చిత్రం. దాని వెనక ఎక్కడో షేక్‌స్పియర్ ‘టేమింగ్ ఆఫ్ ది ష్రూ’ నీడ ఉంది. దర్శకుడు కమలాకర కామేశ్వరరావు బందరువాడు, ‘కృష్ణాపత్రిక’లో సినిమా సమీక్షలు రాసి పైకి వచ్చినవాడు. ఇద్దరు హీరోలూ గుడివాడ చుట్టుపక్కలవాళ్లు, రామారావుది నిమ్మకూరు, నాగేశ్వరరావుది రామాపురం. అంటే పొగరుబోతును దారికి తెచ్చే కథను ఈ డెల్టా మనుషులే డెల్టా యాసతో ఆడి చూపించారు.

ఆ సినిమాలో నలుగురు నాలుగు రకాలుగా మాట వింటారు. సావిత్రి వేసిన లక్ష్మి సవతి తల్లి ఇంట్లో చాకిరీ చేస్తూ ఎదురుచెప్పదు. ఆమె లొంగుబాటుకు కారణం స్వభావం కన్నా దిక్కులేనితనం. జమున వేసిన సరోజ గారాబం మీద పెరిగి, కష్టం రుచి చూశాక ఒదుగుతుంది. సూర్యకాంతం గుండమ్మ, తనకన్నా గట్టి గొంతున్న ఛాయాదేవి వచ్చి ఇంట్లో తిష్ట వేసేసరికి అణిగిపోతుంది. ఆ అణగడంలో మార్పేమీ లేదు, బలాబలాలు తిరగబడ్డాయి, అంతే. నాలుగోవాడు రామారావు వేసిన అంజి. పొట్టి నిక్కరు వేసుకుని, రుబ్బురోలు దగ్గర పిండి రుబ్బుతూ, గుండమ్మ ఏం చెప్పినా చిత్తమనే పనివాడు. జమీందారు ఇంటి కొడుకు కావాలని వేసుకున్న వేషమది. అతను అనే ప్రతి చిత్తానికీ ఆ ఇంటి తాళంచెవి కొంచెం కొంచెంగా అతని చేతిలోకి జరుగుతుంది. మాట వినేవాడు మాట వినిపించుకునేవాణ్ణి నడిపించడం తెలుగు తెర మీద అంత హాయిగా ఇంకెవరూ చూపలేదని నా అభిప్రాయం.

సరోజను దారికి తెచ్చే భాగం ఇవాళ చూస్తే కొంత ఇబ్బందే. మొగుడు బీదవాడిగా నటించి పెళ్లాంతో తోటపని చేయిస్తే ఆమెకు బుద్ధి వచ్చిందట. షేక్‌స్పియర్ పెట్రూషియో తన పెళ్లాన్ని డేగకు తర్ఫీదు ఇచ్చినట్టు ఆకలితో, నిద్ర లేకుండా లొంగదీస్తాడు. నాగేశ్వరరావు వేసిన మన రాజా అంత క్రూరుడు కాడు గానీ కొలమానం అదే: ఆడది దారికి వచ్చిందా లేదా. అయితే ఆ సినిమా దారికి తెచ్చే పనిని అక్కడితో ఆపలేదు, గుండమ్మనూ దాని కిందికి తెచ్చింది. అరవై ఏళ్లయినా జనం చూస్తున్నది సరోజ కోసం కాదు, గుండమ్మ కోసం, అంజి కోసం.

బందరు నుంచి లోపలికి వెళితే కూచిపూడి వస్తుంది. అక్కడ లెక్క తలకిందులు. అలంకారశాస్త్రం చెప్పిన ఎనిమిది మంది నాయికల్లో స్వాధీనపతిక ఒకతె, మొగుణ్ణి గుప్పిట్లో పెట్టుకున్న ఆవిడ. ఇంగ్లీషులో ‘సబ్‌మిసివ్ వైఫ్’ అని సులువుగా అంటారు గానీ, మొగుడు పెళ్లాం అదుపులో ఉండటాన్ని ఒక సౌందర్యంగా లెక్కపెట్టి పేరు పెట్టిన శాస్త్రాలు చాలా తక్కువ. సిద్ధేంద్రయోగి పేర చెప్పుకునే భామాకలాపంలో సత్యభామ ఆ గర్వంతోనే జడ విసురుతుంది. కృష్ణుడు చెప్పకుండా వెళ్లిపోతాడు. అక్కణ్ణించి విరహం, లేఖ, చెలికత్తె మాధవి రాయబారం. గుప్పిట్లో ఉన్నాడనుకున్నవాడు ఎప్పుడూ గుప్పిట్లో లేడన్నది కలాపం నడిపే కథ. వేదాంతం సత్యనారాయణశర్మ సత్యభామ వేషం కట్టినప్పుడు జనం ఏ మలుపు కోసం కూర్చునేవాళ్లంటే, ఆ గర్వం ఎక్కడ విరుగుతుందా అని కాదు, విరిగాక కూడా ఎంత మిగిలిందా అని. ఆ పక్కనే ఉన్న మొవ్వ క్షేత్రయ్యది. ఆయన పదాల్లో మువ్వగోపాలుణ్ణి నిలదీసే ఆడవాళ్లలో ఏ ఒక్కతెనూ డొసైల్ అనలేం, కృష్ణుణ్ణి అంతకన్నా అనలేం.

మనుషుల గుంపు మొత్తాన్ని ఒకే మాటతో సాధువులనడం ఇంకో అంకం. అక్కడే ఈ మాట ప్రమాదకరమైనది. మలయా రబ్బరు తోటల యజమానులకు దక్షిణాది కూలీలంటే ఇష్టం, ఎందుకంటే వాళ్లు డొసైల్ అట. ఆ తోటలకు వెళ్లినవాళ్లలో తమిళులు ఎక్కువ, కోస్తా జిల్లాల తెలుగువాళ్లూ ఉన్నారు. చేతిలో డబ్బు లేక, చుట్టూ అడవి, అప్పు కూలీలను కూర్చే కంగాణీ మేస్త్రీ దగ్గర, తిరుగు ఓడ ఖర్చు తోట దొర దగ్గర ఉన్న మనిషి ఎలా ఉంటాడు? ఆ పరిస్థితిని స్వభావంగా రాసుకోవడం దొరకు చౌక. 1941లో క్లాంగ్ ప్రాంతంలో అదే దక్షిణాది కూలీలు కూలి పెంచమని, దొర ఎదురైతే సైకిలు దిగాలన్న రివాజు తీసెయ్యమని సమ్మె కట్టారు. సైన్యం వచ్చి కాల్పులు జరిపేదాకా వెళ్లింది. ఏడాది కిందటి దాకా సాధువులన్న కాగితాలు అప్పటికి ఇంకా బీరువాల్లోనే ఉండి ఉంటాయి.

దివిసీమలో చల్లపల్లి జమీందారీ రైతుల కథ కూడా ఆ వరసలోదే. ‘మా రైతులు నోట్లో నాలుక లేనివాళ్లు’ అని దివాణాల్లో మెచ్చుకోలుగా అనేవాళ్లు. ఆ ఎస్టేటులోనే 1930లు, 40లలో భూమి పోరాటాలు లేచాయి. చల్లపల్లి పక్క మంగళాపురంలో 1914లో పుట్టిన చండ్ర రాజేశ్వరరావు తరవాత దేశం మొత్తానికి కమ్యూనిస్టు పార్టీ ప్రధాన కార్యదర్శి అయ్యాడు. 1949లో కమ్యూనిస్టుల వేటలో మలబారు పోలీసులు కాటూరు, యలమర్రు ఊళ్ల మీద పడి, మగవాళ్ల బట్టలు విప్పించి ఊరేగించారు. లొంగదీయడమన్న మాటకు ఈ ప్రాంతంలో అంతకన్నా పచ్చి అర్థం లేదు. మూడేళ్లు తిరగకుండా, 1952 తొలి సార్వత్రిక ఎన్నికల్లో, మచిలీపట్నం, గుడివాడ లోక్‌సభ స్థానాలు రెండూ కమ్యూనిస్టులకే వెళ్లాయి. కుక్కిన పేనులా ఉన్నవాళ్లు పెట్టె దగ్గర ఏం చేస్తారో కుక్కినవాడికి తెలియదు.

ఇంత చూశాక నిఘంటువులు ఏం చెయ్యాలన్నది మిగులుతుంది. ఒక మాటకు ఒక మాట పెట్టే పద్ధతి ఇక్కడ పనిచెయ్యదు. ఎద్దు గురించైతే సాధువు, మాలిమి. విద్యార్థి గురించైతే చెబితే అందుకునేవాడు. లోహానికి సాగేది, జబ్బుకు లొంగేది. కోడలి గురించి డొసైల్ అని ఇంగ్లీషు నవలలో వస్తే అనువాదకుడు ‘అణకువ’ అని రాసి ఊరుకోకుండా, మాట్లాడుతున్నది అత్తా, మొగుడా, రచయిత్రా చూసుకోవాలి. కూలీల గురించి యజమాని అన్నప్పుడు ‘చెప్పినట్టు పడి ఉండేవాళ్లు’ అనడమే నిజాయితీ. శంకరనారాయణ నిఘంటువు నుంచి నేటి ఫోను యాప్‌ల దాకా వరసగా పర్యాయపదాలు పోస్తారు గానీ, ఎవరు ఎవరితో అన్నారన్నది చెప్పే గళ్లు ఎక్కడా కనిపించవు. ఆ పని చెయ్యడానికి పల్లెల్లో వినికిడి కావాలి, మామిడి వెంకయ్య నాటి ఓపిక కావాలి.

‘విధేయుడు’ మాత్రం తన సొంత దారి పట్టింది. పత్రికలవాళ్లు దానికి ‘వీర’ తగిలించారు. అధిష్ఠానానికి వీర విధేయుడట! ఇంగ్లీషులో ‘హీరోయికల్లీ డొసైల్’ అని రాస్తే నవ్విపోతారు, మనకు అది రోజూ చదివే వార్త. అలాంటివాడు టిక్కెట్టు రాని రోజున ఏం చేస్తాడో కూడా రోజూ చదివే వార్తే. ఇక అర్జీలు. దివిసీమ శివారు భూములకు కాలువ నీళ్లు అందలేదని ఏటా రైతులు రాసుకునే అర్జీల కింద ‘ఇట్లు, తమ విధేయులు’ అని వరసగా సంతకాలూ వేలిముద్రలూ ఉంటాయి. ఆ కాగితం కచేరీలో ఇచ్చి, నీళ్లు రాకపోతే మర్నాడు పొద్దున్నే ట్రాక్టర్లు అడ్డం పెట్టి రోడ్డు మీద కూర్చునేదీ ఆ విధేయులే.